రేడియో మింగిన మాట

మొన్న ఆదివారం ఓ కొత్త సినిమాకి వెళ్లాను. కూతుర్ని అత్తారింటికి పంపుతూ తండ్రి ఏదో అంటాడు. ఏమన్నాడో ఇప్పటికీ తెలీదు, వయొలిన్లు ఆ మాటను తొక్కేశాయి. ముందు మాట, తర్వాతే వాద్యం అని ఇక్కడ ఏళ్లుగా రాస్తున్నాను. మళ్లీ అదే రాద్దామని, సాక్ష్యానికి సంగీత దర్శకుడు పేర్ రాబెన్‌ని తలచుకున్నాను.

రాబెన్ నాటకాల్లోంచి వచ్చిన జర్మన్. అసలు పేరు విల్‌హెల్మ్ రాబెన్‌బాయర్. 1967లో మ్యూనిక్ యాక్షన్ థియేటర్‌లో ఆయన ఆడిస్తున్న ‘ఆంటిగనీ’లోకి, తర్వాత సినిమా దర్శకుడైన ఫాస్‌బిండర్ నటుడిగా వచ్చి చేరాడు. 1982లో, 37వ ఏట ఫాస్‌బిండర్ పోయేదాకా ఆయన సినిమాల్లో చాలావాటికి రాబెన్‌దే సంగీతం. చిన్నచిన్న వేషాలూ వేశాడు. స్టేజీ మీద నిలబడి మాట చెప్పినవాడు నా పక్షానే ఉంటాడనుకున్నాను.

అప్పుడు ‘మరియా బ్రౌన్ వివాహం’ గుర్తొచ్చింది. 1979 నాటి ఫాస్‌బిండర్ సినిమా, సంగీతం రాబెన్‌దే. నేను చూసింది చాలా తర్వాత, ఓ ఫిలిం సొసైటీలో. ఇనుప కుర్చీలు, వెనక గరగరమనే ప్రొజెక్టర్. చివర్లో మరియాకీ, భర్తకీ ఆమె ప్రియుడు ఓస్వాల్డ్ వీలునామా చదివి వినిపిస్తున్నారు. ఆమెకు తెలియకుండా ఆ ఇద్దరు మగాళ్లు ఆమె గురించి చేసుకున్న ఒప్పందం అందులో బయటపడుతుంది. సరిగ్గా అక్కడే రేడియోలో 1954 ప్రపంచకప్ ఫైనల్! బెర్న్‌లో హంగరీతో జర్మనీ ఆట. కామెంటేటర్ గొంతు చించుకుంటుంటే వీలునామా మాటలు మునిగిపోతున్నాయి. సౌండ్ తగ్గించమని ఆపరేటర్‌ని కేకేశాం. పాపం, తగ్గించాడు. గ్యాస్ అంటుకుని ఇల్లు పేలిపోయింది. జర్మనీ 3-2తో గెలిచింది.

ఈ వారం మళ్లీ చూశాను, సౌండ్ తగ్గించకుండా. ఊరంతా గెలుపు కేకల్లో ఉంటే ఒక ఆడమనిషి బతుకు బేరం ఎవరి చెవినా పడలేదు. మాట మునిగిపోవడమే అక్కడ కథ. ఆ రోజు మేం కేకేసి కథనే తగ్గించాం.

అంటే తప్పు శబ్దానిది కాదు. మొన్నటి సినిమాలో ఆ తండ్రి ముఖం అప్పటికే ఏడుస్తోంది. వయొలిన్లు కూడా అదే ఏడుపు ఏడ్చాయి. ఎదుటివాడి డైలాగునే తిరిగి చెప్పే నటుణ్ని ఏ స్టేజీ మీదా నిలవనివ్వరు. రాబెన్‌కి అది తెలుసు. ఫాస్‌బిండర్ ‘కెరెల్’ సినిమాలో నటి జాన్ మోరో పాడేది ప్రేమించినవాళ్లే చంపడం గురించి, ఆస్కార్ వైల్డ్ పద్యం. రాబెన్ బాణీ మాత్రం హాయిగా ఊగుతుంది. అందుకే వెన్నులో చలి పుడుతుంది.

మన సంగీత దర్శకులకు నా విన్నపం ఇన్నాళ్లూ ‘తగ్గించండి’ అని. ఇవాళ్టి నుంచి మారుస్తున్నాను: ముఖం చెప్పేసింది మళ్లీ చెప్పకండి.