అర్మాన్ అలీ బావి

తెలుగు సినిమాలో సాయిబు ఎప్పుడూ ఎవరికో ఒకరికి తోడుగానే వస్తాడు. కథానాయకుడి ప్రాణస్నేహితుడై వచ్చి ఇంటర్వెల్‌కి ముందే ప్రాణం ఇచ్చేస్తాడు. లేదా గళ్ళ లుంగీ, మెడలో తాయెత్తు, వచ్చీరాని తెలుగుతో రెండు సీన్లు నవ్వించి పోతాడు. కొంతకాలంగా బాంబు పట్టుకుని కూడా వస్తున్నాడు. పొలమున్న సాయిబు, అప్పున్న సాయిబు, కూతురి పెళ్ళికి దిగులుపడే సాయిబు, బోరులో నీళ్ళు పడలేదని తల పట్టుకు కూచున్న సాయిబు మాత్రం రాడు. అనంతపురం జిల్లాలో ఏ ఊరి బస్టాండులో దిగినా ముందు ఎదురయ్యేది ఆ మనిషే. మా సీమకూ అదే గతి పట్టింది. 1999లో 'సమరసింహారెడ్డి' ఆడిన తర్వాత వెండితెరకు సీమ అంటే సుమోలు, వేటకొడవళ్ళు. ఏడాది మొత్తం మీద 550 మిల్లీమీటర్ల వాన పడితే గొప్ప అనుకునే నేల, సరిగ్గా వేరుశనగ ఊడలు దిగే వేళకు మొహం చాటేసే మబ్బు, పెద్ద సినిమాకు పనికిరాలేదు. అంటే సీమ సాయిబు రెండుసార్లు మాయమయ్యాడన్న మాట. ఒకసారి సీమవాడిగా, ఇంకోసారి సాయిబుగా.

అందుకే 2024 డిసెంబరు 23న శ్యాం బెనగల్ ముంబయిలో కన్నుమూసినప్పుడు అందరూ 'అంకుర్'నీ 'మంథన్'నీ తలుచుకుంటుంటే నాకు 'వెల్‌డన్ అబ్బా' గుర్తొచ్చింది. 2010లో విడుదలైన ఆ సినిమాను ఆయన అభిమానులు కూడా తేలిక సినిమాల లెక్కలో వేస్తారు. ఆ లెక్క సరికాదని చెప్పడానికే ఈ వ్యాసం.

బెనగల్ మనవాడా, కాదా? 1934 డిసెంబరు 14న సికింద్రాబాద్ తిరుమలగిరిలో పుట్టాడు. ఇంట్లో కొంకణి. తండ్రి ఫొటోగ్రాఫరు. పన్నెండేళ్ళ వయసులో తండ్రి కెమెరాతోనే మొదటి సినిమా తీశాడు. నిజాం కాలేజీలో అర్థశాస్త్రం చదివాడు, హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీ పెట్టాడు. 1959లో బొంబాయి వెళ్ళి లింటాస్ అనే ప్రకటనల కంపెనీలో కాపీ రైటరుగా చేరాడు. అక్కణ్ణించి కథాచిత్రం తీయడానికి పద్నాలుగేళ్ళు పట్టింది. ఈ లోపల సబ్బులకూ సరుకులకూ ప్రకటనలు తీశాడు, డాక్యుమెంటరీలు తీశాడు. ప్రకటనలూ డాక్యుమెంటరీలూ కలిపి తొమ్మిది వందలకు పైనే అని చెబుతారు. చివరికి 'అంకుర్'కు డబ్బు పెట్టింది కూడా సినిమా హాళ్ళకు ప్రకటన చిత్రాలు పంపిణీ చేసే బ్లేజ్ సంస్థే.

మన విమర్శకులు ఈ మనిషిని రెండు ముక్కలు చేసి చూస్తారు. పొట్టకోసం ప్రకటనలు, ఆత్మకోసం సినిమాలు అంటారు. నాకు ఈ విభజన నచ్చదు. ప్రకటనలు తీసినవాడికి డబ్బు ఎవరిది, మాట ఎవరితో, ఏ యాసలో చెబితే ఎక్కుతుంది అన్న మూడు సంగతులు ఎప్పుడూ గుర్తుంటాయి. బెనగల్‌కు జీవితాంతం గుర్తున్నాయి. 1976లో 'మంథన్'కు గుజరాత్ పాడి రైతులు అయిదు లక్షల మంది తలా రెండు రూపాయలు వేసుకున్నారు. పోచంపల్లి నేతగాళ్ళ మీద 1987లో తీసిన 'సుస్మన్'కు చేనేత సహకార సంఘాలు పెట్టుబడి పెట్టాయి. హీరోల చుట్టూ, ఫైనాన్షియర్ల చుట్టూ తిరగకుండా ఇన్ని దారులు వెతికిన దర్శకుడు మన దేశంలో మరొకడు లేడు. ఆయన స్వతంత్రతకు అదే ఆధారం. దాని చిక్కులూ దానికున్నాయి, వాటి దగ్గరికి వస్తాను.

ముందు భాష సంగతి. 1974 నాటి 'అంకుర్'లో తెలంగాణ పల్లె ఉంది. మూగ చెవిటి కుమ్మరి కిష్టయ్య, అతని భార్య లక్ష్మి, ఆమెను చేరదీసి నట్టేట ముంచిన దొరకొడుకు ఉన్నారు. వీళ్ళంతా మాట్లాడేది బొంబాయి సినిమా హిందీ కాదు, దక్కనీ. అప్పటిదాకా హిందీ తెర మీద 'నక్కో', 'హౌ', 'కైకు' అంటే నవ్వు పుట్టించడానికే. మెహమూద్ లాంటి హాస్యనటుల సొత్తు అది. బెనగల్ ఆ మాటను షబానా ఆజ్మీ నోట పెట్టి ఏడిపించాడు, శపింపజేశాడు. దక్కనీలో కూడా దుఃఖం ఉంటుందని హిందీ ప్రేక్షకుడికి మొదటిసారి తెలిసింది. ఉర్దూ చదువుకున్న మా ఇళ్ళల్లోనే దక్కనీ అంటే చిన్నచూపు కదా. లక్నో వాళ్ళ ముందు నోరు మూసుకునే బతుకు మాది. అనంతపురం దక్కనీ అయితే మరీను, హైదరాబాద్ వాళ్ళే నవ్వుతారు, అందులో కన్నడం ఎక్కువైందని. (దూదేకులవాళ్ళ ఇంటిభాష తెలుగే. వాళ్ళను చూసి మళ్ళీ మేము నవ్వుతాం. అదంతా ఇంకో వ్యాసం.)

'అంకుర్', 'నిశాంత్' చేసిన మేలు ఇంకొకటి ఉంది. దాన్ని ఎవరూ లెక్కలో వేయలేదు. 'నిశాంత్' కథ 1945 నాటిది. తెలంగాణలో అంటే నిజాం రోజులు. ఆ కాలాన్ని కథగా చెప్పే ప్రతివాడూ దుర్మార్గానికి రూమీ టోపీ పెడతాడు. బెనగల్ పెట్టలేదు. ఊరిని పీల్చి తినేది దొర, దొర తమ్ముళ్ళు. బడిపంతులు భార్యను ఎత్తుకుపోయేది వాళ్ళే. భూమి చేతిలో ఉన్నవాడిదే దౌర్జన్యమని, దానికి మతం వెతకడం తప్పించుకోవడమేనని ఆ సినిమా ఉపన్యాసం లేకుండా చెప్పింది.

అయితే చిత్రమేమంటే, దక్కనీని కిష్టయ్య ఊరికి ఇచ్చిన ఆయన, ముస్లింల కథ చెప్పేటప్పుడు ఆ భాషనూ ఆ నేలనూ వదిలేసి ఉత్తరాదికి పోయాడు. 1994లో 'మమ్మో', 1996లో 'సర్దారీ బేగం', 2001లో 'జుబేదా'. మూడింటికీ ఖాలిద్ మొహమ్మద్ కథలు. బొంబాయి, ఢిల్లీ, రాజాస్థానం. గాయనులు, రాణులు, పాత ఇళ్ళు. మంచి సినిమాలు కావని అనను. అల్లర్లలో రాయి తగిలి చచ్చిన సర్దారీ బేగం కథను ఒక విలేఖరి తవ్వుకుంటూ పోవడం, విలేఖరిగా నాకు సిగ్గూ ఈర్ష్యా రెండూ కలిగించింది. కానీ ఆ ఇళ్ళల్లో ఎవరూ పంక్చర్లు వేయరు, బీడీలు చుట్టరు, విత్తనాల కోసం క్యూలో నిలబడరు. 2000లో వచ్చిన 'హరీ భరీ'లో పల్లె ముస్లిం స్త్రీలు ఉన్నారు. అక్కడ పెట్టుబడి కేంద్ర కుటుంబ సంక్షేమ శాఖది. ఇందాక చెప్పిన చిక్కు ఇదే. ఒకే ఇంటి అయిదుగురు ఆడవాళ్ళను ఎంతో ప్రేమతో చిత్రించినా, కెమెరా ఆ గడపలోకి కుటుంబ నియంత్రణ కబురు తీసుకుని వచ్చింది. పిల్లల లెక్క అనగానే ముస్లిం ఇంటివైపే వేలు చూపే దేశంలో ఆ ఎంపిక అమాయకం కాదు. దర్శకుడి మనసు మంచిదే. సర్కారు సొమ్ముకు మాత్రం తనదైన చూపు ఉంటుంది.

మరో వెలితి కూడా చెప్పుకోవాలి. పోలీసు చర్య జరిగినప్పుడు బెనగల్‌కు పదమూడేళ్ళు, ఉన్నది సికింద్రాబాద్ కంటోన్మెంట్ పక్కన. హైదరాబాద్ రాజ్యంలో ఆ రోజుల్లో ముస్లింల మీద జరిగిన హత్యాకాండను సుందర్‌లాల్ కమిటీ రాసిపెట్టింది. ఆ నివేదికను దశాబ్దాల పాటు తొక్కిపెట్టారు. దేశవిభజన గాయాన్ని మమ్మో కళ్ళల్లో అంత బాగా చూసిన దర్శకుడు, తన ఊరి గాయం మీద ఒక్క కథాచిత్రమూ తీయలేదు.

అయినా 'మమ్మో'ను పట్టుకునే నేను 'వెల్‌డన్ అబ్బా' దగ్గరికి వస్తాను. మమ్మో అసలు పేరు మెహమూదా బేగం. పాకిస్తాన్‌లో భర్త పోయాక బొంబాయిలో అక్క దగ్గరికి వస్తుంది. వీసా పొడిగింపుకోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతుంది. ఒకరోజు పోలీసులు రైలెక్కించి పంపేస్తారు. ఏళ్ళు గడిచాక మళ్ళీ తిరిగొస్తుంది. ఈసారి ఆమెను దేశంలో ఉంచుకోవడానికి ఇంటివాళ్ళకు ఒకటే దారి దొరుకుతుంది, ఆమె చనిపోయినట్టు సర్టిఫికెట్ పుట్టించడం. కాగితం మీద చస్తే తప్ప ఆమెకు ఈ నేల మీద బతుకు లేదు. 2019 పౌరసత్వ చట్టం తర్వాత తాతల కాలం కాగితాలకోసం ట్రంకుపెట్టెలు బోర్లించిన మనకు ఈ కథ విడమరిచి చెప్పక్కర్లేదు.

అర్మాన్ అలీ కథ దీనికి తిరగేసిన బొమ్మ. అతను ముంబయిలో ఒక అధికారి దగ్గర డ్రైవరు. కూతురు ముస్కాన్‌కు సంబంధం చూద్దామని నెల సెలవు మీద సొంతూరు చికట్‌పల్లి వచ్చి మూడు నెలలు ఉండిపోతాడు. పేదలకు ప్రభుత్వం ఉచితంగా బావి ఇస్తుందని తెలుస్తుంది. డ్రైవరు ఉద్యోగం ఉన్నవాడు కాబట్టి దొంగ సర్టిఫికెట్టుతో దారిద్ర్య రేఖ కిందికి దిగుతాడు. తర్వాత ఆఫీసు ఆఫీసుకూ ముట్టజెప్పగా ముట్టజెప్పగా డబ్బు అయిపోతుంది, బావి కాగితాల మీద పూర్తవుతుంది. నేలలో గుంత కూడా ఉండదు. అప్పుడు తండ్రీ కూతుళ్ళు పోలీసు స్టేషన్‌కు పోయి, మా బావి ఎవరో ఎత్తుకుపోయారు, వెతికి పెట్టండని ఫిర్యాదు ఇస్తారు. మమ్మో బతికుండి కాగితంలో చచ్చింది. అర్మాన్ బావి నేలలో పుట్టకుండానే కాగితంలో నీళ్ళతో నిండింది.

ఈ కథకు మూలాల్లో ఒకటి హైదరాబాద్ ఉర్దూ రచయిత్రి జీలానీ బానో రాసిన 'నర్సయ్యా కీ బావ్‌డీ'. పేరు గమనించండి. ఉర్దూలో రాసిన ముస్లిం స్త్రీ తన కథకు పేరుగా నర్సయ్య బావిని పెట్టింది. కొంకణి ఇంట పుట్టిన హిందూ దర్శకుడు ఆ బావిని అర్మాన్ అలీకి ఇచ్చాడు. ఇద్దరిలో ఎవరూ ఆ మార్పిడి గురించి చాటింపు వేయలేదు. మన రచయితలకు సామరస్యం చూపించాల్సి వచ్చినప్పుడల్లా మమ్మల్ని గూగూడు కుళ్ళాయిస్వామి పీర్ల దగ్గరికి తీసుకుపోయి నిలబెడతారు. గూగూడు గొప్పదే. మొహర్రం అయిపోయాక మిగతా పదకొండు నెలలు మేమేం చేస్తామన్నది ఎవరూ అడగరు. బెనగల్ అడిగాడు. అర్మాన్ అలీ దేశభక్తి రుజువు చేసుకోడు, హిందూ స్నేహితుడికోసం చావడు. కాస్త అబద్ధమాడతాడు, లంచమిస్తాడు, కూతురికి భయపడతాడు, తనకు రావాల్సిన నీళ్ళు అడుగుతాడు. ముస్లింగా ఉండటం అతనికి పని కాదు. అది అతని ఇల్లు, అంతే.

బొమన్ ఇరానీ నోట దక్కనీ విని మా అమ్మ టీవీ ముందు కూచుని 'యే తో హమారీచ్ బాతాఁ కర్‌రా' అని ఆశ్చర్యపోయింది. మా అమ్మ సినిమాల్లో వినే ఉర్దూ అంతా ఎవరో పెద్దింటివాళ్ళదిగానే ఉంటూ వచ్చింది. 'అంకుర్' తర్వాత ముప్పై అయిదేళ్ళకు ఆ భాష దాని సొంతదారుల్లో ఒకడి నోటికి తిరిగొచ్చింది.

పొగడ్తతో ఆపితే అన్యాయమవుతుంది. ముస్కాన్ స్నేహితురాలిని అరబ్ షేక్‌కు కట్టబెట్టే ఉపకథ పాత మూసే. హైదరాబాద్ ముస్లిం అనగానే పత్రికలు తీసే మొదటి ఫైలు అది. అంతకంటే పెద్ద పేచీ నీళ్ళ దగ్గర. సినిమాలో బావి దొంగిలించబడింది. తోటి బాధితులు కూడతారు, గొడవ అసెంబ్లీదాకా పోతుంది, ప్రభుత్వం దిగివస్తుంది. ఇది ప్రకటన చిత్రాల ముగింపు, ఫిర్యాదు చేసిన ఖాతాదారుడికి చివర సరుకు అందుతుంది. అనంతపురంలో లంచం లేకుండా, దొంగ సర్టిఫికెట్ లేకుండా, అప్పు తెచ్చి తవ్వుకున్న బావి కూడా ఎండుతుంది. మా చిచ్చా చేనిలో నాలుగు బోర్లు వేశాడు. మొదటిదాంట్లో రెండేళ్ళు నీళ్ళు వచ్చాయి, మూడింట్లో తెల్లటి దుమ్ము లేచింది. దొంగ ఎవరని ఏ స్టేషన్‌లో రాయించాలి? భూమి కింద నీళ్ళు తోడేసిందెవరు, వేరుశనగ ఒక్కటే నమ్ముకోమన్నదెవరు, చెరువులు పూడిపోతుంటే చూస్తూ ఊరుకున్నదెవరు అన్న ప్రశ్నల దాకా బెనగల్ నవ్వు రాలేదు. ఆయన చికట్‌పల్లిలో అవినీతి ఉంది, కరువు లేదు.

ఆ సినిమా తీయాల్సింది కొంకణి ఇంట పుట్టి హిందీలో తీసిన ఆయన కాదులెండి. కథ మన దగ్గరే ఉంది, యాస ఉంది, ఎండిన బోర్లున్నాయి. హైదరాబాద్‌లో స్టూడియోలూ ఉన్నాయి. అక్కడికి కథ పట్టుకుపోయిన మా కుర్రాళ్ళను నిర్మాతలు అడిగే మొదటి ప్రశ్న ఏమిటో తెలుసా? హీరో పేరు మార్చుకుంటారా అని.