రెండు కొక్కేల దారి

ఇటలీ ఈశాన్యాన, డోలమైట్ పర్వతాల నడుమ, ఫాల్జరేగో అనే కనుమ ఉంది. సముద్రమట్టానికి 2,105 మీటర్ల ఎత్తు. అక్కడ బస్సు దిగి తలెత్తితే ఎదురుగా లగజువోయ్ కొండ, బూడిదరంగూ పసుపూ కలగలిసిన రాతిగోడ. కేబుల్ కారెక్కితే కొద్ది నిమిషాల్లో పైన ఉంటాం. పక్కనే ఇంకో దారి కూడా ఉంది. కంకర వాలు మీద మెలికలు తిరుగుతూ పోయిన కాలిబాట గోడ దగ్గరికి వచ్చేసరికి అయిపోతుంది, ఉక్కు తాడు మొదలవుతుంది. అక్కడి నుంచి రాతిలో దిగ్గొట్టిన మేకుల మీదుగా ఆ తాడే దారి. ఒకచోట గండి మీద వేలాడే వంతెన కూడా ఉంది. ఇలాంటి ఇనుప దారినే వియా ఫెర్రాటా అంటారు.

కొండలెక్కడం ఎన్నడూ నేర్వని మనిషిని, ఒక్క పూట శిక్షణతో, ఆరితేరినవాళ్లు మాత్రమే నిలబడగలిగే చోట నిలబెట్టడం దీని ప్రత్యేకత. బదులుగా ఆ దారి మన దగ్గర అడిగేది బలమూ కాదు, ధైర్యమూ కాదు. ఒక చిన్న నియమాన్ని కింది నుంచి పైదాకా ఒక్కసారి కూడా తప్పకుండా పాటించడం. ఈ సంప్రదాయం విలువంతా ఆ నియమంలోనే ఉందని నా అభిప్రాయం.

ఇనుప దారులు మొదటి నుంచీ కొండ విద్య రానివాళ్ల కోసం పుట్టినవే. 1843లో ఆస్ట్రియాలోని డాఖ్‌స్టైన్ శిఖరానికి ఫ్రీడ్రిఖ్ సిమోనీ అనే భూగోళ శాస్త్రవేత్త ఇనుప మేకులు, తాళ్లు బిగింపించాడు. 1869లో ఆస్ట్రియాలోకెల్లా ఎత్తైన గ్రోస్‌గ్లాక్నర్ మీద, 1903లో డోలమైట్లలోకెల్లా ఎత్తైన మార్మొలాడా పడమటి గట్టు మీద ఇలాంటి ఏర్పాట్లే జరిగాయి. నగరాల నుంచి వేసవికి వచ్చే పెద్దమనుషులను గైడ్లు క్షేమంగా పైకి తీసుకెళ్లడానికి ఆ ఇనుము పనికొచ్చింది.

ఆ తర్వాత యుద్ధం వచ్చింది. 1915 మేలో ఇటలీ ఆస్ట్రియా-హంగరీ మీద యుద్ధం ప్రకటించాక యుద్ధరేఖ సరిగ్గా ఈ గోడల మీదుగా పడింది. లగజువోయ్ శిఖరం మీద ఆస్ట్రియా పక్షాన కైజర్‌యేగర్ దళాలు, అదే గోడ నడుమ అరుగులా పొడుచుకొచ్చిన మార్తీని అంచు మీద ఇటలీ ఆల్పీని దళాలు. ఒకరినొకరు కదిలించలేక రెండు వైపులవాళ్లూ కొండను లోపలి నుంచి తొలిచారు. 1917 జూన్ 20న ఇటాలియన్లు ముప్ఫై టన్నులకు పైగా మందుగుండు పేల్చి కొండకొమ్మునే ఎగరగొట్టారు. వాళ్లు తవ్విన సొరంగం, సుమారు 1,100 మీటర్ల పొడవున, ఇప్పటికీ ఉంది. తలకు లైటు కట్టుకుని అందులోంచి కిందికి దిగవచ్చు.

ఆ సైనికులందరూ కొండ మనుషులు కారు. మైదానాల నుంచి వచ్చిన కుర్రవాళ్ల చేత తూటాలు, రొట్టెలు, దుంగలు మోయించి రాత్రిపూట గోడలెక్కించాలంటే నిచ్చెనలు, మోకులు, మేకులు తప్పలేదు. తుపాకులకు దీటుగా మంచూ చంపింది. 1916 డిసెంబరు 13న మార్మొలాడా మీద మంచు చరియ విరిగిపడి ఒక్క శిబిరంలోనే రెండు వందల డెబ్భై మంది దాకా పోయారు. యుద్ధం ముగిశాక కర్ర నిచ్చెనలు కుళ్లిపోయాయి. దారులు మాత్రం మిగిలాయి. పర్వతారోహణ సంఘాలు వాటికి ఉక్కు తాళ్లు వేసి, తరతరాలుగా మరమ్మతు చేస్తూ వచ్చాయి. ఫాల్జరేగో నుంచి లగజువోయ్ ఎక్కే ఇనుప దారి ఒకప్పటి కైజర్‌యేగర్ల దారే. ఇప్పుడది కొత్తవాళ్లకు చూపించే సులువైన దారుల్లో ఒకటి.

1930ల నుంచి బ్రెంటా పర్వతాల్లో ట్రెంటో ఆరోహకుల సంఘం వేసిన బొకెట్టె దారులు ఇంకో అడుగు వేశాయి. అవి కావాలనే శిఖరాల జోలికి పోకుండా, గోడల నడుమ సహజంగా ఉన్న అంచులను ఒకదానితో ఒకటి కలుపుతూ పోతాయి. 1988లో ఫ్రాన్సులోని ఫ్రెసినియేర్‌లో ఊరి పక్క గోడ మీద, కేవలం ఎక్కే సరదా కోసం, ఆ దేశపు మొదటి వియా ఫెర్రాటా వెలసింది. 2007లో మలేషియాలోని కినబాలు పర్వతం మీద మూడు వేల మీటర్లు దాటిన ఎత్తున ఒకటి వచ్చింది.

ఇక పనిముట్ల సంగతి. తలకు హెల్మెట్, నడుముకూ తొడలకూ హార్నెస్, అరచేతులు ఒరుసుకుపోకుండా గ్లవ్స్, గట్టి అడుగున్న బూట్లు. వీటన్నిటికీ మించి కావలసింది హార్నెస్‌కు ముందువైపు కట్టే లాన్యార్డు. అది రెండు పాయలుగా చీలి ఉంటుంది. ఒక్కో పాయ చివర ఒక్కో క్యారబైనర్, అంటే తాడుకు తగిలించే కొక్కెం. పాయలు కలిసేచోట చిన్న సంచి, అందులో మడతలు వేసి కుట్టిన పట్టీ ఉంటాయి. మనిషి పడితే ఆ కుట్లు వరసగా తెగుతూ పోయి, పడిన జోరును కొంచెం కొంచెంగా మింగేస్తాయి. ఒకసారి అలా విచ్చుకున్న లాన్యార్డును మళ్లీ వాడకూడదు, పారేయాల్సిందే.

ఆ పట్టీ ఎందుకంటే, మామూలు రాక్ క్లైంబింగ్‌లో పడితే సాగే గుణమున్న పొడవాటి తాడు కుదుపును తీసుకుంటుంది. పడిన దూరాన్ని మనల్ని ఆపే తాడు పొడవుతో భాగిస్తే, అక్కడ ఎంత చెడ్డగా పడ్డా రెండుకు మించదు. వియా ఫెర్రాటాలో లెక్క వేరు. ఉక్కు తాడు మీద కొక్కెం జారుతుంది. కింది మేకుకు నాలుగు మీటర్లు పైన ఉండగా కాలు తప్పితే, మనిషి ఆ నాలుగు మీటర్లూ జారి, మీటరు పొడవున్న లాన్యార్డు బిగిసేదాకా ఇంకో మీటరు పడతాడు. ఐదు మీటర్ల పాటును ఒక్క మీటరు పట్టీ ఆపాలి. నిష్పత్తి ఐదు. పట్టీ విచ్చుకోకపోతే ఆ కుదుపుకు నడుము విరుగుతుంది, లేదా పరికరమే తెగుతుంది. 2012లో ఆస్ట్రియాలోని టిరోల్‌లో ఒక లాన్యార్డు రెండు పాయలూ తెగి ఒకరు చనిపోయారు. ఆ తర్వాత ఎన్నో కంపెనీలు తమ సరుకును వెనక్కి పిలిపించాయి, ప్రమాణాలు బిగించారు. 2017 యూరప్ ప్రమాణం ప్రకారం ఈ పరికరం 40 నుంచి 120 కిలోల మధ్య బరువుకే పనికొస్తుంది. అంతకు తక్కువ బరువున్న పిల్లలు పడితే కుట్లు సరిగా విచ్చుకోవు. అందుకే పిల్లలను గైడు విడిగా తాడుతో తనకు కట్టుకుని తీసుకెళ్లాలి.

ఇప్పుడు ఆ నియమం. ఉక్కు తాడు రాతికి బిగించి ఉన్న ప్రతి మేకు దగ్గరా కొక్కెం ఆగిపోతుంది. దాన్ని తీసి మేకు దాటించాలి. మేకు దగ్గరికి రాగానే ముందు ఆగాలి. రెండు కాళ్లూ నిలకడగా ఉన్నాయో లేదో చూసుకోవాలి. ఒక చేత్తో తాడు పట్టుకుని, రెండో చేతి అరచేత్తో మొదటి కొక్కెం వెనక మీటను నొక్కి, బొటనవేలితో గేటు తెరవాలి. మీట నొక్కకపోతే గేటు తెరుచుకోదు, అది పొరపాటున ఊడకుండా చేసిన ఏర్పాటు. తీసిన కొక్కేన్ని మేకు అవతల తాడుకు తగిలించి, గేటు టక్కున మూసుకోవడం చెవితో వినాలి, కంటితో చూడాలి. అప్పుడే రెండో కొక్కేనికి చెయ్యి వేయాలి. అంటే ఏ క్షణంలోనైనా కనీసం ఒక కొక్కెం తాడు మీద ఉండి తీరాలి. ఇదే మొత్తం విద్య.

వినడానికి ఎంత తేలికో, నలభయ్యో మేకు దగ్గర అంత కష్టం. చేతులు పీకుతుంటాయి, వెనక మనిషి కాచుకుని ఉంటాడు, లోయ అందంగా ఉంటుంది. మనసు అటు పోయే సమయమే రెండు కొక్కేలూ ఒకేసారి తీసే సమయం. మంచి గైడు గోడెక్కించే ముందు, నేలకు మీటరు ఎత్తున తాడు కట్టి ఉన్నచోట, మాట్లాడుతూ మాట్లాడుతూ కూడా చెయ్యి తప్పనంత వరకూ దీన్ని సాధన చేయిస్తాడు. ఇంకో నియమం, రెండు మేకుల నడుమ ఒక్కరే ఉండాలి. పైవాడు జారితే కిందివాడి నెత్తిన పడకూడదు కదా.

కొత్తవాళ్లు దాదాపు అందరూ చేసే పని చేతులతో ఎక్కడం. తాడును గుంజుకుంటూ, గోడకు అతుక్కుపోయి వెళతారు. పావుగంటలో ముంజేతులు బిగుసుకుపోతాయి. ఎక్కాల్సింది కాళ్లు. చేతులు చాచి ఉంచితే కండ అలిసిపోదు. నడుమును గోడకు కాస్త దూరంగా పెడితే తర్వాతి అడుగు ఎక్కడో కనబడుతుంది. ఇనుప మెట్టు ఉన్నా, పక్కనే రాతి అంచు ఉంటే దాని మీదే కాలు వేయడం మేలు. ఇనుము తడిస్తే జారుతుంది, డోలమైట్ రాయి గరుకుగా ఉండి బూటును పట్టుకుంటుంది. అడుగులు చిన్నవిగా వేయాలి. అలసిపోతే హార్నెస్‌కు విడిగా కట్టుకునే పొట్టి పట్టీకున్న ఇంకో కొక్కేన్ని మేకుకో మెట్టుకో తగిలించి, దాని మీద బరువు వేసి చేతులు దులుపుకోవచ్చు.

తెలంగాణలో భువనగిరి బండ మీద శిక్షణ పొందినవాళ్లకు ఇందులో సగం తెలిసిన సంగతే. 2014లో పదమూడేళ్ల వయసులో ఎవరెస్టు ఎక్కిన మాలావత్ పూర్ణ మొదట పాఠాలు నేర్చింది అక్కడే. నున్నటి ఆ గ్రానైట్ వాలు మీద కాళ్లను నమ్మడం తప్ప వేరే దారి లేదు, చేతికి అందేది తక్కువ. తేడా ఒకచోట ఉంది. అక్కడ మన తాడు కింద నిలబడ్డవాడి చేతిలో ఉంటుంది. మనం పొరపడ్డా అతను ఆపుతాడు, పడటం కూడా నేర్చుకోవడంలో భాగమే. వియా ఫెర్రాటాలో ఎక్కేదీ కాచుకునేదీ ఒక్కరే. లాన్యార్డు ప్రాణం కాపాడవచ్చు గానీ, పడుతూ మనిషి మెట్లకూ రాతి అంచులకూ తగులుతాడు. అందుకే ఇక్కడ పడటం అనేది ఆటలో లేదు.

దారుల కష్టాన్ని ఆస్ట్రియా పద్ధతిలో ఏ నుంచి ఈ దాకా అక్షరాలతో చెబుతారు. మొదటిసారికి ఏ, బీ చాలు. సీ దగ్గర చేతుల బలం అడుగుతుంది. అక్షరం చెప్పని విషయం వాతావరణం. డోలమైట్లలో వేసవి మధ్యాహ్నాలు ఉరుములతో ముగియడం మామూలే. పిడుగుపాటు వేళ ఉక్కు తాడు మీద ఉండటాన్ని మించిన ప్రమాదం లేదు, అప్పుడు దిగుదామన్నా చేతికందే దారి అదే. కాబట్టి పొద్దున్నే బయల్దేరి మధ్యాహ్నానికి దిగిపోవడం గైడ్ల ఆనవాయితీ. కనుమ దగ్గర ఆకాశం చూసి, చాలాసేపు మాట్లాడకుండా ఉండి, ఈ రోజు వద్దని చెప్పే గైడు తన కూలి పూర్తిగా సంపాదించుకున్నట్టే లెక్క.

ఈ సంప్రదాయం మీద విమర్శ లేకపోలేదు. కొండకు మేకులు కొట్టి, ఎక్కాల్సిన విద్యను నిచ్చెనగా మార్చారని పాతకాలపు ఆరోహకులు అంటారు. కొత్త దారుల మీద పర్వతారోహణ సంఘాల్లోనే అభ్యంతరాలున్నాయి. డోలమైట్లు 2009లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాకెక్కాయి. ఆ గోడల మీద ఇంకా ఎంత ఇనుము అన్న ప్రశ్న న్యాయమైనదే. ఫోటోల కోసమే కట్టే వేలాడే వంతెనల గురించి నాకూ ఆ అభ్యంతరమే ఉంది. కానీ లగజువోయ్ లాంటి చోట ఇనుము చరిత్రలో భాగం. ఆ తాడు లేకపోతే ఆ అంచుల మీద కుర్రవాళ్లు రెండు చలికాలాలు ఎలా బతికారో మామూలు మనిషికి పుస్తకంలో చదవడమే తప్ప కాలితో తెలిసే వీలు లేదు.

ఉద్యోగాల కోసం మ్యూనిక్‌లో ఉంటున్న తెలుగువాళ్లకు ఈ కొండలు కారులో నాలుగైదు గంటల దూరం. అక్కడ సామాను అద్దెకు దొరుకుతుంది, గైడ్లు దొరుకుతారు. తాడు ఉంది కదా, గైడెందుకు అనుకునేవాళ్లు ఉంటారు. తాడు ఎక్కడికి పోవాలో చెబుతుంది, ఎప్పుడు పోకూడదో చెప్పదు. అందుకే గైడును కుదుర్చుకునేటప్పుడు పైనుంచి ఏమేం కనబడతాయని అడగొద్దు. గోడెక్కే ముందు కొక్కేలు మార్చడం ఎంతసేపు చేయిస్తారని అడగండి. అయిదు నిమిషాల్లో తేల్చేస్తానంటే ఇంకొకరిని వెతుక్కోండి.