తెర మీద పాట, పందిట్లో నేరం

ఇనుల్ దారతిస్తా గురించి చదివినప్పుడల్లా నాకు మా గన్నవరం చుట్టుపక్కల సంక్రాంతి రాత్రులే గుర్తొస్తాయి. ఇండోనేషియాలో, తూర్పు జావా పల్లెల్లో పెళ్ళిళ్ళకీ పండగలకీ పాడుతూ ఆడిన అమ్మాయి ఆమె. దొంగ వీసీడీలు చేతులు మారీ మారీ 2003 నాటికి దేశమంతా ఆమె పేరు మారుమోగింది. వడ్రంగి బరమాలా నడుం తిప్పే ఆ ఆటకి జనం పెట్టిన పేరుక్కూడా బెజ్జం వెయ్యడమనే అర్థం.

ఆమె పాడే దంగ్‌దుత్ మనకి మరీ పరాయిదేం కాదు. డోలు చప్పుడే దానికి పేరైంది. హిందీ సినిమా బాణీలు అందులో బాగా కలిశాయి. ఆ సంగీతానికి రాజుగా పేరుపడ్డ రోమా ఇరామాయే ఇనుల్ మీద విరుచుకుపడ్డాడు. మతపెద్దలూ తోడయ్యారు. మాజీ అధ్యక్షుడు అబ్దుర్రహ్మాన్ వహీద్ ఆమె పక్షాన మాట్లాడాడు. 2008లో వచ్చిన అశ్లీల నిరోధక చట్టం ఒంటి కదలికల్ని కూడా తన నిర్వచనంలో చేర్చుకుంది.

ఇక మన రికార్డింగ్ డ్యాన్సు. పాట సినిమాదే, సెన్సారు సర్టిఫికెట్ ఉన్నదే. స్టెప్పులూ ఆ సినిమావే. ఇంటిల్లిపాదీ అన్నాలు తింటూ టీవీలో చూసినవే. అదే పాటకి అర్ధరాత్రి పందిట్లో ఓ పేదింటి పిల్ల ఆడితే మాత్రం అశ్లీలమవుతుంది. నిన్నటిదాకా ఐపీసీ 294, 2024 జులై నుంచి కొత్త సంహితలో 296. సెక్షను నంబరు మారింది, అంతే.

మా కృష్ణా జిల్లాలోనే కూచిపూడి ఉంది. వేదాంతం సత్యనారాయణ శర్మ సత్యభామ వేషం కడితే ఆ వయ్యారాన్ని కళ అన్నాం. 1970లో పద్మశ్రీ ఇచ్చుకున్నాం. ఆయన ప్రతిభ మీద నాకు పేచీ లేదు. కానీ శృంగారాన్ని అభినయించిన కళావంతుల స్త్రీలని 1947 మద్రాసు చట్టం గుళ్ళలోనూ ఊరేగింపుల్లోనూ ఆడకుండా ఆపింది. అది సంస్కరణే, కాదనను. ఆడడం మానేసిన వాళ్ళకి బతుకుతెరువు ఏమిటన్నది మాత్రం సంస్కర్తలకి పెద్దగా పట్టలేదు.

అశ్లీలత మీద వినతిపత్రాలిచ్చే మన మహిళా సంఘాలతో నా తగువు ఇక్కడే. తాగినవాళ్ళు స్టేజీ ఎక్కి నోట్లు దోపడం, బట్టలు విప్పమని బెదిరించడం హింస. వాటి మీద కేసు పెట్టమని అడుగుదాం. అశ్లీల నృత్యమని ఫిర్యాదు రాస్తే మాత్రం ముద్దాయిల్లో ఆ పిల్ల కూడా చేరుతుంది. గోడమీద పోస్టరు చింపినట్టు మనిషిని చింపలేం కదా!

ఇనుల్ ఆ గొడవంతా దాటి తన పేరుతో కరావోకే శాలలు నడిపింది. మనూళ్ళో ఆడే అమ్మాయికి పేరే ఉండదు, బృందం పేరే తప్ప. ఆ రాత్రికి ఎంత మాట్లాడుకున్నారు, చేతికెంత వచ్చింది, తెల్లవారుజామున ఇంటికెలా చేరింది, ఇష్టం లేని పాటకి ఆడనంటే ఏమయింది? వార్త రాసేవాళ్ళు ఇవి అడగరు. మన వినతిపత్రాల్లోనైనా అడగచ్చు.