అతుకు కనపడని పని

సోలో వయొలిన్‌కూ ఆర్కెస్ట్రాకూ కలిపి రాసే కన్చెర్టోకు ఒకప్పుడు ఒక మర్యాద ఉండేది. ముందు ఆర్కెస్ట్రా అంతా కలిసి రాబోయే పాటలను వరసగా వినిపించాలి. సోలో వాయించే మనిషి వయొలిన్ పట్టుకుని తన వంతు కోసం కాచుకోవాలి. 1806లో వియన్నాలో తొలిసారి వినిపించిన బీథోవెన్ డి మేజర్ కన్చెర్టోలో ఆ నిరీక్షణ దాదాపు మూడు నిమిషాలు. ఫెలిక్స్ మెండెల్సన్ తన ఇ మైనర్ కన్చెర్టోలో దాన్ని ఒకటిన్నర బారుకు (మన ఆవర్తనం లాంటి కొలత) కుదించాడు. తీగవాద్యాలు మెత్తగా ఒక అల లేపుతాయి, అంతే. పైతీగ మీద వయొలిన్ పాట అందుకుంటుంది. సోలోను ముందే రంగంలోకి దింపడం అతను కనిపెట్టిందేమీ కాదు, పియానో కన్చెర్టోల్లో బీథోవెన్ ఆ పని చేశాడు. అయితే ఆ ఒక్క కొసను లాగితే మిగతా అల్లిక ఎక్కడెక్కడ సర్దాలో మెండెల్సన్ చివరిదాకా ఆలోచించాడు.

ఆ ఆలోచనకు ఆరేళ్లు పట్టింది. 1838 వేసవిలో ఫెర్డినాండ్ డేవిడ్‌కు రాసిన ఉత్తరంలో, ఇ మైనర్‌లో ఒక కన్చెర్టో తలలో తిరుగుతోందనీ దాని ఆరంభం తనను స్థిమితంగా ఉండనివ్వడం లేదనీ చెప్పుకున్నాడు. లైప్‌జిగ్ గేవాండ్‌హౌస్ ఆర్కెస్ట్రాకు మెండెల్సన్ సారథి, డేవిడ్ అందులో మొదటి వయొలిన్. హాంబర్గ్‌లో ఒకే ఇంట్లో ఏడాది తేడాతో పుట్టినవాళ్లు. 1844 సెప్టెంబరులో రచన పూర్తయ్యాక కూడా ఏ చోటు చేతికి ఒదుగుతుంది, ఏది ఒదగదు అని మెండెల్సన్ అతన్ని అడుగుతూనే ఉన్నాడు. 1845 మార్చి 13న డేవిడే తొలిసారి వాయించాడు. ఒంట్లో బాగోలేక మెండెల్సన్ రాలేదు. ఆర్కెస్ట్రాను నీల్స్ గాదె నడిపించాడు.

వాద్యం తెలిసిన పనితనం ఎలా ఉంటుందో మొదటి భాగంలోని రెండో పాట దగ్గర చూడాలి. మన విద్వాంసులు వయొలిన్‌ను గాయకుడి శ్రుతికి తగ్గట్టు షడ్జ పంచమాలకు కట్టుకుంటారు. పాశ్చాత్య వయొలిన్‌కు ఆ వెసులుబాటు లేదు. నాలుగు తీగలూ దాదాపు ఎప్పుడూ జి, డి, ఎ, ఇ. కాబట్టి రచయిత ఎంచుకునే శ్రుతిని బట్టి ఏ ఖాళీ తీగ మోగుతుందో తేలిపోతుంది. ఇ మైనర్‌లో మొదలైన పాట సంప్రదాయం ప్రకారం జి మేజర్‌కు వెళ్లాలి. వయొలిన్‌లో అన్నిటికంటే కింది తీగ జి. మెండెల్సన్ వయొలిన్‌ను పైస్థాయి నుంచి మెట్లు మెట్లుగా దించి ఆ ఖాళీ తీగ మీద నిలబెట్టాడు. వేలు తాకని ఆ మంద్రం ఒక్కటే సాగుతుంటే, పైన క్లారినెట్లూ ఫ్లూట్లూ కొత్త పాట ఎత్తుకుంటాయి. అంతవరకూ అందరికంటే పైన పాడిన నాయకుడు ఇప్పుడు వాళ్లకు తంబురా.

ఇక కెడెన్జా. సోలో వాయించే మనిషి తోడు లేకుండా తన ప్రతాపం చూపే చోటది. మామూలుగా భాగం చివర్లో వచ్చేది. బీథోవెన్ తన వయొలిన్ కన్చెర్టోలో దాన్ని వాయించేవాడికే వదిలేశాడు. మెండెల్సన్ ప్రతి స్వరమూ తనే రాశాడు. మొదట రాసింది చాలక అచ్చుకు ముందు ఇంకా పెంచాడు. పైగా చోటు మార్చి భాగం మధ్యలో, తొలి పాట తిరిగి రాబోయే ముందు పెట్టాడు. మన కచేరీలో మృదంగం ఒంటరిగా వాయించే తని ముగిశాకే పాట మళ్లీ అందుకుంటారు. ఆ ముగింపు అక్కడ స్పష్టంగా వినపడాలి, వినపడితేనే అందం. ఇక్కడ ముగింపే లేదు. కమాను నాలుగు తీగల మీదా ఎగురుతూ దిగుతూ ఉంటుంది. స్వరాలు ముందు రెండేసి, తర్వాత మూడేసి, ఆ తర్వాత నాలుగేసి. కమానును ఇక అదిమి పట్టకుండా తీగల మీద దానంతట దాన్ని ఎగరనిస్తారు. సరిగ్గా ఆ చప్పుడు చిక్కబడుతున్నప్పుడు కింద ఆర్కెస్ట్రా తొలి పాటను సద్దు లేకుండా అందుకుంటుంది. వయొలిన్ మాత్రం ఆ ఎగురుడు మానదు. ప్రతాపం అనుకున్నది చూస్తుండగానే పక్కవాద్యమైపోయింది! ఎన్నిసార్లు విన్నా కెడెన్జా ఎక్కడ అయిపోయిందో వేలు పెట్టి చూపించలేం.

మొదటి భాగం ఆవేశంగా ముగుస్తుంది. జనం చప్పట్లు కొట్టే చోటు. కానీ అందరూ ఆగినా ఒక బాసూన్ ఆగదు. బి స్వరాన్ని పట్టుకుని ఉంటుంది. ఇ మైనర్‌కు అది పంచమం. అర మెట్టు ఎక్కి సి దగ్గర ఆగుతుంది. రెండో భాగం సి మేజర్, అంటే అదే కొత్త షడ్జం. అంతకుముందు స్కాటిష్ సింఫనీలో కూడా భాగాల మధ్య ఎక్కువసేపు ఆగవద్దని రాతపూర్వకంగా కోరినవాడే మెండెల్సన్. ఇక్కడ ఆ విన్నపం అవసరం లేకుండా ఒక్క బాసూన్‌తో సరిపెట్టాడు.

రెండో భాగంలోని మొదటి పాట నాకు కాస్త తీపి ఎక్కువ. మధ్యలో ఎ మైనర్ ఘట్టం వేరు: పాటనూ దాని కింద వణికే తోడునూ వయొలిన్ ఒక్కటే ఒక్క కమానుతో మోస్తుంది. తర్వాత పద్నాలుగు బార్ల చిన్న వంతెన. మొదటి భాగపు ఇ మైనర్‌ను ఒకసారి తలచుకుని ట్రంపెట్ల పిలుపుతో ఇ మేజర్‌లోకి తెరుచుకుంటుంది.

చివరి భాగం పరుగు. వయొలిన్ విద్వాంసుడు యాషా హైఫెట్జ్ 1959లో బోస్టన్ సింఫనీతో చేసిన రికార్డులో ఆ వేగానికి దడ పుడుతుంది. అంత వేగంలో ఒక ముచ్చట జారిపోయే ప్రమాదం ఉంది. నడిమధ్యన వయొలిన్ విశాలమైన కొత్త పాట మొదలుపెడుతుంది, జి మేజర్‌లో. దాని కింద ఆర్కెస్ట్రా తీగలు ఆ భాగపు అసలు పరుగు పాటనే వాయిస్తుంటాయి. అంటే ఆ రెండూ ఒకదానిలో ఒకటి ఇమిడేలా ముందే కొలిచి కోసినవి. కాసేపటికి వాటాలు మారతాయి: విశాలమైన పాట ఆర్కెస్ట్రాకు, పరుగు వయొలిన్‌కు.