‘బ్లాక్ బ్యూటీ’లో కళ్ళెము

ఆంగ్ల రచయిత్రి అన్నా సూయెల్ వ్రాసిన ఒకే ఒక నవల ‘బ్లాక్ బ్యూటీ’. అది 1877లో వెలువడినది; మరుసటి యేడే ఆమె మరణించినది. పదునాలుగేండ్ల వయస్సున కాలికి దెబ్బ తగిలి, నాటినుండి గుర్రపుబండి మీదనే ఆధారపడిన ఆమె, ఆ జంతువును మిక్కిలి దగ్గరగా గమనించినది. నేడు ఈ నవలను బాలల గ్రంథముగా చదువుచున్నారు. కాని ఆమె దృష్టిలో ఉన్నవారు గుర్రములతో పనిచేయు పెద్దలు. కనుక దీనిని కథగానే కాక, గుర్రపు శరీరమును గూర్చిన పాఠముగా కూడ పరీక్షింపవచ్చును.

నవలలో పేరుపొందిన ఘట్టము ‘బేరింగ్ రెయిన్’ను ఖండించునది. గుర్రము తల ఎప్పుడును ఎత్తియే ఉండునట్లు, నోటి కమ్మిని వీపుమీది పట్టెడకు బిగించు పగ్గమునకు ఆ పేరు. ఆనాటి సంపన్నులకు అదొక సోకు. రచయిత్రి వాదము శాస్త్రసమ్మతమే. మిట్ట యెక్కునపుడు గుర్రము తల వంచి, మెడ చాచి, తన బరువును ముందుకు వేసి లాగవలెను. తలను పైకి కట్టివేసినచో ఆ బరువు బండికి సాయపడదు. శ్రమ వీపుపైనను కాళ్ళపైనను పడును.

అయితే ఇంతకంటె విలువైన చోటు మరొకటి కలదు. దానిని విమర్శకులు సులభముగా దాటిపోవుదురు. క్రొత్తగా వచ్చిన గుర్రమునకు జాన్ మాన్లీ అను సాయీసు కళ్ళెము తొడుగుచు, పట్టీలను వదులు చేసి, బిగించి, తలకు అమర్చును. జీను ఇరుకని చూడగనే వేరొకటి తెచ్చును. రెండు మూడు వాక్యములలో ముగిసిన ఈ చిన్న దృశ్యమే అసలైన పాఠము. ఏ పట్టీయు పుట్టుకతో మంచిది కాదు, చెడ్డది కాదు. ఆ తలకు సరిపోయినదా లేదా అన్నదే ప్రశ్న.

గ్రంథములోని లోపము కూడ ఇక్కడనే ఉన్నది. ‘సరిపోవుట’ అనగా నేమో అది చెప్పదు. గుర్రపు క్రింది దవడలో ముందు పండ్లకును దవడపండ్లకును నడుమ ఖాళీ కలదు. కమ్మి అక్కడ నిలువవలెను. చెంపపట్టీలు పొట్టివైనచో పెదవుల మూలలు లాగబడును. పొడుగైనచో ఇనుము పండ్లకు తగులును. నుదుటిపట్టీ చిన్నదైన తలపట్టీ చెవుల మొదళ్ళను ఒరయును. గుర్రము ముక్కుతోనే గాని నోటితో గాలి పీల్చలేదు. కనుక ముక్కుపట్టీ మెత్తని భాగము మీదికి దిగరాదు. ఆ పట్టీ క్రింద, ముక్కు ఎముకమీద నడుమ, రెండు వ్రేళ్ళు దూరవలెను. ప్రక్కన పల్లముండుటచే అక్కడ కొలిచిన మోసపోవుదురు.

అజ్ఞానము దుర్మార్గమునకు తరువాతి కీడని నవలయే చెప్పును. 2017లో ప్రకటింపబడిన ఒక పరిశీలన దీనిని బలపరచినది. ఐర్లండు, ఇంగ్లండు, బెల్జియములలో పోటీలకు వచ్చిన 750 గుర్రములను కొలువగా, నూటికి 44 గుర్రముల ముక్కుపట్టీ క్రింద వ్రేలు పట్టు చోటే లేదు. రెండు వ్రేళ్ళ చోటున్నవి నూటికి ఏడే. వీనిని పెంచువారు గుర్రములను ద్వేషించువారు కారు.

సూయెల్ తన గుర్రమునకు మాట నిచ్చినది; అది తన బాధను తానే చెప్పుకొన్నది. పాఠకుల కరుణను మేల్కొల్పుటకు ఆ ఉపాయము చాలినది. కాని లాయములోని గుర్రము మాటాడదు. దాని పక్షమున వ్రేళ్ళే వెదకవలెను. కరుణ మొదటి మెట్టు మాత్రమే, కొలత రెండవది. మొదటి మెట్టు ఎక్కించినందుకు ఈ నవల నేటికిని చదువదగినది.