చూపు గురించి మూడు సినిమాలు

‘సిరివెన్నెల’ అనగానే మనకు సీతారామశాస్త్రిగారు గుర్తొస్తారు. ఆ సినిమా పేరే ఆయన ఇంటిపేరైపోయింది. విశ్వనాథ్‌గారు, మహదేవన్‌గారు, వేణువు వినిపించిన హరిప్రసాద్ చౌరాసియాగారు, ఈ పేర్లన్నీ గడగడా చెప్పేవాళ్ళు మన మాంచెస్టర్‌లోనే బోలెడుమంది. కెమెరా ఎవరిదంటే మాత్రం తల గోక్కోవాల్సిందే. మొన్నటిదాకా నేనూ అంతే. ఆయన ఎం.వి. రఘు.

ఆ పేరు వెతకడానికి కారణం మా అమ్మ. పోయిన చలికాలం మా దగ్గరికొచ్చింది. నీటికాసులతో చూపు బాగా తగ్గింది. నాలుగింటికే చీకటిపడే ఇక్కడి డిసెంబరులో ఏం తోస్తుంది? పాటలైనా వింటుందని ‘సిరివెన్నెల’ పెట్టాను. ఆవిడ మాత్రం “ఇప్పుడేం కనిపిస్తోందిరా?” అని అడుగుతూనే ఉంది. ఇరవై ఏళ్ళుగా ప్రోగ్రాములు రాస్తున్నవాణ్ణి, ఒక్క దృశ్యం సరిగ్గా చెప్పలేకపోయాను.

చెప్పబోతేగాని ఆ కెమెరా చేస్తున్న పని నాకు తెలియలేదు. హరిప్రసాద్‌కు చూపు లేదు. బొమ్మలు వేసే సుభాషిణికి మాట లేదు. ఆమె మనసు ఆమె ముఖంలోనే ఉంది. అది అతనికి కనబడదు. అతనికి అందనిది మనకు అందించేది కెమెరా ఒక్కటే. జైపూర్ వెలుగు కొన్నిచోట్ల క్యాలెండరు బొమ్మలా మరీ ముచ్చటగా ఉందన్నది నిజమే. కానీ సుహాసిని ముఖం దగ్గర రఘు ఏ ఆర్భాటమూ చేయలేదు.

అంతకుముందు 1984లో వంశీ తీసిన ‘సితార’కూ ఛాయాగ్రహణం ఆయనదే. అన్నగారి పరువు కోసం కోటలాంటి ఇంట్లో బందీ అయిన పిల్ల కథ. అక్కడ కళ్ళున్నాయి, చూడ్డానికి లోకం లేదు. 1986లో ‘సిరివెన్నెల’తోపాటే వచ్చిన ‘స్వాతిముత్యం’ కూడా ఆయన పనే.

1988లో గొల్లపూడి మారుతీరావుగారి నాటకాన్ని తనే దర్శకుడిగా ‘కళ్ళు’ పేరుతో సినిమా తీశారు. అంధులైన బిచ్చగాళ్ళ కథ. వాళ్ళలో ఒకడికి చూపొస్తుంది, దాంతోపాటే బుద్ధీ మారుతుంది. అందమైన వెలుగుకు పేరుపడ్డ మనిషి, చూపొస్తే చాలు అంతా మంచే జరుగుతుందన్న నమ్మకాన్నే ప్రశ్నించాడు. తన విద్యనే తాను అనుమానించడం చిన్న విషయం కాదు. నా మటుకు ఆయన పనిలో గొప్పది అదే.

మనం సినిమాను పాటలుగా, మాటలుగా గుర్తుపెట్టుకునే జాతి. దేశం దాటాక మరీను. కారులో పాట మోగితే చాలు, ఊరు కళ్ళముందుకొచ్చేస్తుంది. ఆ ఊరి వెలుగును అలా చూడటం మనకు నేర్పినవాళ్ళ పేర్లు మాత్రం టైటిల్స్‌లో జారిపోతాయి.

ఈ డిసెంబరులో అమ్మ మళ్ళీ వస్తోంది. ఈసారి ‘సితార’ పెడదామనుకుంటున్నాను. ముందే రెండుసార్లు చూసి ఉంచుకోవాలి, అడిగితే చెప్పాలి కదా.