సాక్షిధర్మము: కీష్లోవ్‌స్కీ చలచ్చిత్రములు

ప్రత్యక్షముగాఁ జూచినవాఁడు సాక్షి యని పాణినీయులు వ్యుత్పత్తి చెప్పుదురు. చూపే పరుల కపకారమగునపుడు సాక్షి కర్తవ్యమేమి? పోలండుదేశపు దర్శకుఁడును గథారచయితయు నగు క్షిష్తోఫ్ కీష్లోవ్‌స్కీ (1941-1996) కృతుల కీ ప్రశ్నయే ప్రాణము.

వూచ్ నగరమందలి చలచ్చిత్రవిద్యాలయమునఁ జదివి 1968లో పట్టము వడసిన యీతఁడు తొలుత యథార్థచిత్రములను నిర్మించెను. 1979 నాఁటి ‘అమాతోర్’ కల్పితకథ. కూఁతును చిత్రించుటకై యంత్రము గొన్న కార్మికుఁ డిందు నాయకుఁడు. ఆతని చిత్రముల మూలమున హితుఁ డొకఁ డుద్యోగము గోల్పోవును. తుద నాతఁడు యంత్రమును దనవైపే త్రిప్పుకొనును. కల్పన యచిరకాలముననే యనుభవమయ్యెను. ‘స్టేషను’ (1980) అను యథార్థచిత్రమునకై వార్సా రైలుస్టేషనున రాత్రివేళఁ దీసిన ఫిలిమును, హత్యానిందిత యొకతె యందుఁ గానవచ్చునేమో యని పోలీసులు గొనిపోయిరి. ఆమె యందు లేదు. ఉన్నచో దర్శకుఁ డెఱుఁగకయే వేగులవాఁ డయ్యెడివాఁడు. యథార్థచిత్రములకుఁ గ్రమముగా దూరమగుటకు నిది యొక హేతువు.

న్యాయవాదియగు ప్యెషేవిచ్‌తోఁ గలసి రచించిన పది చిత్రముల ‘దెకాలోగ్’ (1988-89)లో మాటాడని పురుషుఁ డొకఁడు పలుమాఱు గనఁబడును, చూచును, అడ్డుపడఁడు. నిష్ప్రయోజనపాత్ర మని యాక్షేపింపవచ్చును గాని, తీర్పు చెప్పని చూపే యాతని ధర్మము.

‘ఎఱుపు’ (1994) తుదిచిత్రము. ఇందుఁ బొరుగువారి టెలిఫోను మాటలను దొంగచాటుగా విను వృద్ధన్యాయాధిపతి తన నేరమును దానే వెల్లడించుకొనును. పరులను జూచువాఁడు తొలుతఁ దనకుఁ దాను సాక్షి కావలయు ననుటయే యీ కృతుల నిర్ణయము.